కోర్టు ధిక్కరణ – 4వ పాఠం: తీర్పు అసలు ఏం చేయమంది?

పోయిన పాఠంలో నమూనా తీర్పు ఒకటి ఇచ్చి, దాన్ని అధికారి కావాలనే అమలు చేయలేదంటూ ధిక్కరణ పిటిషన్ రాయమన్నాను. చాలామంది ఒకేచోట బోల్తా పడ్డారు. "ఇంక్రిమెంటు ఇవ్వమని హైకోర్టు చెప్పినా ఇవ్వలేదు, అధికారిని జైలుకు పంపాలి" అని రాసేశారు. ఇవ్వమని ఆ తీర్పులో ఎక్కడుంది? అందుకే అఫిడవిట్ సంగతి వచ్చే వారానికి వాయిదా. వకాలతు, కోర్టు ఫీజు మీకు తెలిసినవే.

తీర్పు చేతికి రాగానే నేనైతే చివరి పేరా చూస్తాను. పై పేరాల్లో సగం మీ వాదనను జడ్జిగారు తిరిగి చెప్పడమే. అది చదివి గెలిచేశామనుకుంటారు. మన నమూనా చివర ఉన్నది ఇంతే: "వినతిపత్రాన్ని పరిశీలించి, ఈ ఉత్తర్వు ప్రతి అందిన నాలుగు వారాల్లోగా తగిన ఉత్తర్వులు జారీ చేయాలి."

అధికారి గడువులోపే కారణాలు రాసి "తిరస్కరించడమైనది" అని రాతపూర్వక జవాబు, అంటే ఎండార్స్‌మెంట్ ఇచ్చాడనుకోండి. తీర్పు అమలైనట్టే. కారణాలు తప్పుగా ఉన్నా అంతే. ఉత్తర్వు ఇచ్చాక అది తప్పో ఒప్పో ధిక్కరణ కేసులో తేల్చరని, దాని మీద విడిగా కోర్టుకు వెళ్లాలని 1996లో జె.ఎస్. పరిహార్ కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. పరిశీలించమనడం వేరు, ఇవ్వమనడం వేరు అని 2006లో మన ఆర్టీసీ కేసులోనూ వివరించింది. కాబట్టి తిరస్కరణ కాగితం వస్తే దాన్ని సవాలు చేస్తూ హైకోర్టులో కొత్త రిట్ పిటిషన్ వేయండి. హైకోర్టున్న నేలపాడు దాకా వెళ్లి ధిక్కరణ పిటిషన్ కొట్టేయించుకోవడం దేనికి?

అదే "బకాయిలు ఎనిమిది వారాల్లో చెల్లించాలి" అని ఉంటే, తిరస్కరిస్తూ కాగితం ఇవ్వడమే ధిక్కరణ. పటమటలో ఓ అక్రమ అంతస్తు మీద "చట్టప్రకారం చర్య తీసుకోండి" అంటే, నోటీసిచ్చి విచారించడమూ చర్యే. కూల్చలేదని గొడవ చేస్తే నిలబడదు. "యథాతథ స్థితి" అంటే మాత్రం ఒక్క వరస ఇటుక లేచినా ఉల్లంఘనే. ఆ రోజే ఫొటో తీయండి.

"అప్పీలు వేశాం సార్" అని ఆఫీసువాళ్లు అంటే టెన్షన్ పడకండి. స్టే లేకపోతే తీర్పు అమలు చేయాల్సిందే.

జైలు మీద మోజు కూడా తగ్గించుకోండి. 1971 నాటి కోర్టు ధిక్కరణ చట్టం 12వ సెక్షన్ ప్రకారం గరిష్ఠం 6 నెలల సాధారణ జైలు, 2,000 రూపాయల జరిమానా. నిజాయితీగా క్షమాపణ చెబితే అదీ మాఫీ కావచ్చు. నోటీసు అందగానే ఫైలు కదలడమే మనకు కావాల్సింది.

గడువు లెక్క ఆఫీసుకు కాపీ అందిన తేదీ నుంచి. ఉత్తరాలు తీసుకునే తపాల్ సెక్షన్‌లో రౌండ్ సీలు వేయించుకునేటప్పుడు తేదీ అంకెలు కనిపిస్తున్నాయో లేదో అక్కడే చూసుకోండి. మసకగా పడితే పక్కన పెన్నుతో తేదీ వేసి సంతకం చేయమనండి. ధిక్కరణ పిటిషన్ వేయడానికి 20వ సెక్షన్ ఇచ్చే ఏడాది గడువుకు కూడా ఈ సీలే ఆధారం.

అభ్యాసం: తీర్పు కాపీ 2024 జులై 3న గుంటూరు ఆఫీసుకు చేరింది. గడువు నాలుగు వారాలు. సెప్టెంబరులో ఆ అధికారి బదిలీ అయ్యాడు. అక్టోబరులో కొత్తాయన తిరస్కరించాడు. ధిక్కరణ ఏ రోజున మొదలైంది, ఎవరి పేరు మీద పిటిషన్ వేయాలి, దాఖలుకు ఆఖరి తేదీ ఏది, అక్టోబరు ఉత్తర్వును ఏం చేయాలి? సెక్షన్లతో సహా ఒక్క పేజీలో రాయండి. అధికారి పేరు లేకుండా హోదా మాత్రమే రాసిన జవాబులు నేను దిద్దను.