సద్గుణ సాధన – 5వ పాఠం: కోపం ఎవరి మీదికి వెళ్తోంది?

పోయిన పాఠంలో చెప్పినట్టు నోటుబుక్కు పెట్టుకున్నవాళ్లు ఆ పేజీలు ఒకసారి తిరగెయ్యండి. ఏం తప్పు జరిగింది, ఎవరి ముందు, ఏ వేళప్పుడు అని మూడు గడులు గీసుకున్నాం. మొదటి గడిలో ‘కోపం’ అన్న మాట ఎక్కువసార్లు కనిపిస్తే కంగారు పడకండి, చాలామందికి అదే ఉంటుంది. ఈ పాఠానికి కావలసింది రెండో గడి. ఎవరి ముందు?

ఆ గడిలో పై అధికారి పేరు అరుదుగా ఉంటుంది. భార్య, కొడుకు, కోడలు, పనిమనిషి, కొట్లో కుర్రాడు, ఆటో అబ్బాయి... పేర్లు ఇలాగే ఉంటాయి. ఒడిశాలో పర్లాకిమిడి, గుణుపూర్, రాయగడ, బరంపురం వైపు ఉన్న తెలుగువాళ్లం మనకి ఇది ఇంకా తేలిగ్గా తెలిసిపోతుంది, ఎందుకంటే మన కోపానికి భాష కూడా వేరు. తహసీల్ ఆఫీసులో కాగితం ఒడియాలో, మాట ఒడియాలో. గుమాస్తా మళ్లీ రేపు రమ్మంటే “ఆగ్యా” (ఒడియాలో ‘అలాగేనండీ’) అని తల ఊపి బయటికొస్తాం. ఆ సాయంత్రం ఇంట్లో కూరలో ఉప్పు తక్కువైందని అరిచేది మాత్రం తెలుగులో.

దీన్ని బట్టి ఒకటి తేలుతోంది. “నాకు కోపం వస్తే ఆపుకోలేనండీ, పుట్టుకతో వచ్చిన గుణం” అని చర్చిలో పెద్దలు కూడా అంటుంటారు. నేనైతే నమ్మను. పొద్దున గుమాస్తా ముందు ఆపుకున్నది ఎవరు? ఆపుకోవడం వచ్చు, అవసరం ఉన్నచోట ఆపుకుంటున్నాం కూడా. బలవంతుడి ముందు ఆపుకోవడానికి భయం చాలు, దాన్ని గుణం అనక్కర్లేదు. బలం మన చేతిలో ఉన్నప్పుడు, ఎదుటివాడు తిరిగి ఏమీ అనలేనప్పుడు ఆపుకోగలిగితే దాన్ని బైబిలు సాత్వికము అంటుంది. గలతీ పత్రిక 5వ అధ్యాయంలో ఆత్మఫలాల వరసలో ఆశానిగ్రహానికి ముందు ఉన్నది అదే. ఈ పాఠంలో మనం నేర్చుకునే పని కూడా అదే.

ముందు కొంచెం చరిత్ర. కోపాన్ని ఒక్కో పొరా విప్పి చూసినవాళ్లలో మొదట చెప్పుకోవలసింది ఐగుప్తు ఎడారి సన్యాసులని. 399లో చనిపోయిన ఎవాగ్రియస్ మనిషిని పట్టి లాగే చెడు తలంపులు ఎనిమిదని చెప్పి, వాటిలో కోపాన్ని చేర్చాడు. ఆరో శతాబ్దం చివర్లో పోపు గ్రెగరీ ఆ జాబితాను సర్ది ఏడు చేశాడు. ఏడు ఘోర పాపాలని మనం వినేది దాన్నుంచి వచ్చిందే. నాకు వీళ్లిద్దరికన్నా ఎక్కువ పనికొచ్చింది జాన్ కాసియన్. ఐగుప్తు సన్యాసుల దగ్గర ఉండి నేర్చుకుని, ఐదో శతాబ్దం మొదట్లో గాల్ దేశపు (ఇప్పటి ఫ్రాన్సు) మఠాల కోసం పన్నెండు భాగాల పుస్తకం రాశాడు. అందులో ఎనిమిదో భాగం అంతా కోపం గురించే.

కాసియన్ తన సంగతే చెప్పుకుంటాడు. మనుషులు లేని చోటికి పోతే కోపం పోతుందనుకున్నాడట. ఎడారిలో ఒంటరిగా ఉన్నప్పుడు రాసుకునే రెల్లు కలం మరీ లావుగా ఉందని, లేదా మరీ సన్నగా ఉందని దాని మీద కోపం వచ్చింది. చాకు మొద్దుబారిందని కోపం. చెకుముకి రాయి వెంటనే నిప్పు రాల్చలేదని కోపం. ఎవరూ లేకపోతే వస్తువుల మీదికి మళ్లింది! సెల్‌ఫోన్ సిగ్నల్ అందక ఫోన్ మంచం మీదికి విసిరినవాళ్లకి ఇది వేరే చెప్పనక్కర్లేదు. చుట్టుపక్కల మనుషుల్ని తీసేస్తే ఓర్పు రాదు, ఓర్పు లేదన్న సంగతి దాక్కుంటుంది, అంతే. అందుకే బాసిల్ అనే బిషప్పు ఒంటరి సన్యాసుల్ని ఒక ప్రశ్న అడిగాడు. ఒక్కడివే ఉంటే ఎవరి కాళ్లు కడుగుతావు?

ఇక్కడ పెద్దల మధ్య ఒక తగువుంది. న్యాయమైన కోపం అనేది కూడా వద్దంటాడు కాసియన్. కంటికి బంగారు రేకు కప్పినా సీసపు రేకు కప్పినా చూపు పోవడం ఒకటే అంటాడు. మన పాపం మీద మనకొచ్చే కోపం ఒక్కటే పనికొస్తుందట. పదమూడో శతాబ్దపు వేదాంతి థామస్ అక్వినాస్ దీనికి ఒప్పుకోడు. కోపం శరీరంలో, మనసులో పుట్టే ఒక కదలిక, బుద్ధి చెప్పిన దారిలో వెళ్తే తప్పు కాదు, అన్యాయం చూసి కూడా కదలకపోతే అదీ ఒక లోపమే అంటాడు. మార్కు 3వ అధ్యాయంలో ఊచచెయ్యి (ఎండిపోయిన చెయ్యి) గలవాడి విషయంలో యేసు చుట్టూ ఉన్నవాళ్లని కోపంతో కలయజూశాడని ఉంది కదా. అదే వాక్యంలో వాళ్ల హృదయ కాఠిన్యానికి దుఃఖపడ్డాడని కూడా ఉంది. ఆ రెండూ కలిసి ఉన్నాయి, గమనించండి.

ఎవరి మాట వినాలి? ఇంట్లో కాసియన్, బజార్లో అక్వినాస్ అని నేనంటాను. ఇంట్లో నాది న్యాయమైన కోపం అనిపించిన ప్రతిసారీ అనుమానించండి, కంటి మీద బంగారు రేకు ఉండి ఉంటుంది. వృద్ధాప్య పింఛను కోసం వచ్చిన ముసలమ్మని ఎవరో కసురుతుంటే మాత్రం చూసి ఊరుకోకండి.

ఇప్పుడు కోపం ఎలా పుడుతుందో దగ్గరగా చూద్దాం. పాఠంలో అసలు పని ఇక్కడే.

ఒక ఇల్లు. నాన్న తెలుగులో చదువుకున్నాడు, ఒడియా మాట్లాడగలడు గానీ చదవడం అంతంతమాత్రం. నాలుగో తరగతి పిల్లవాడు ఒడియా మీడియం. రాత్రి హోంవర్కు.

“ఏట్రా ఈ రాత? సరిగ్గా రాయి.”

“మాస్టారు ఇలాగే రాయమన్నారు నాన్నా.”

“నాకు తెలీదనుకున్నావా?”

“నీకు ఒడియా రాదు కదా.”

వీపు మీద దెబ్బ పడింది. ఆ తరువాత తల్లికి కూడా నాలుగు మాటలు తగిలాయి.

దెబ్బ రాత గురించి కాదని మనకి తెలుస్తూనే ఉంది. పిల్లవాడు అబద్ధం చెప్పలేదు, ఎదురు తిరగలేదు. నాన్నకి అందులో వినపడింది వేరు: నన్ను తక్కువ చేశాడు. కోపానికి కారణాలన్నీ తవ్వుకుంటూ పోతే చివరికి నన్ను చిన్నచూపు చూశారన్న తలంపు దగ్గరికే చేరతాయని అక్వినాస్ అన్నాడు. ఆ మాట ఆయన కంటే చాలా ముందు అరిస్టాటిల్‌ది. ఈ తండ్రికి చిన్నచూపు నిజంగా జరిగింది కూడా, కాకపోతే పిల్లవాడి వల్ల కాదు. ఆఫీసు బల్ల దగ్గర కాగితం చదవలేక ఇంకొకరి చేత చదివించుకున్నప్పుడు జరిగింది. బాకీ అక్కడిది, వసూలు ఇక్కడ.

“నీకు ఒడియా రాదు కదా” అన్న మాటకీ చెయ్యి లేవడానికీ మధ్య చాలా కొద్ది సమయం ఉంది. ఆ కాస్తలో మూడు జరిగాయి. ముఖం వేడెక్కింది. నన్ను తక్కువ చేశాడని మనసు తీర్పు చెప్పేసింది. చెయ్యి లేచింది. మొదటిది మన చేతిలో లేదు, దానికి పశ్చాత్తాప పడనక్కర్లేదు. మూడోదాన్ని ఆపడం చాలా కష్టం, అక్కడికి వచ్చేసరికి ఆలస్యమైపోతుంది. సాధన అంతా రెండోదాని దగ్గరే. యాకోబు పత్రిక 1:19లో వరస చూడండి: వినుటకు వేగిరపడాలి, మాటలాడుటకు నిదానించాలి, కోపించుటకు నిదానించాలి. కోపం చివర ఉంది. ముందు చెవి, తరువాత నాలుక. పిల్లవాడు అన్నది ఇంకొకసారి విన్నా చాలు, తీర్పు మారిపోయేది.

ఇక సాధన. దీన్ని ఇగ్నేషియస్ దగ్గర తీసుకుంటున్నాను. లయోలా కాలేజీ అని వింటుంటాం కదా, ఆ లయోలా ఊరి మనిషే. 1521లో స్పెయిన్‌లోని పాంప్లోనా కోట దగ్గర ఫిరంగి గుండు తగిలి కాలు విరిగిన సైనికుడు, మంచం మీద ఉండగా మనసు మారింది. 1548లో అచ్చయిన ఆయన సాధన పుస్తకంలో ఒక్క తప్పునే పట్టుకుని రోజుకి మూడు వేళల్లో చూసుకునే పద్ధతి ఉంది. మనలో ఎక్కువమంది బాప్టిస్టులు, కొరాపుట్ వైపు లూథరన్లు, ఇది క్యాథలిక్కుల పద్ధతి కదా అని కొందరికి ఇబ్బందిగా ఉండొచ్చు. పద్ధతి బాగుంటే తీసుకుందాం. సిద్ధాంతం సంగతి కింద చెప్తాను.

పొద్దున లేవగానే ప్రార్థనలో ఈ రోజు కోపం వచ్చే ఒక్క చోటు పేరు పెట్టి చెప్పండి. “ప్రభువా, నాకు ఓర్పు ఇయ్యి” అని ఊరుకోకండి, అది మరీ వెడల్పు. “సాయంత్రం ఏడుకి పిల్లవాడి హోంవర్కు దగ్గర” అనండి. “అత్తయ్య నా వంటకి వంక పెట్టినప్పుడు” అనండి. మనిషి, వేళ, చోటు మూడూ ఉండాలి.

పగలు కోపంలో జారిపోయిన ప్రతిసారీ ఒక్క క్షణం గుండె మీద చెయ్యి పెట్టుకోమంటాడు ఇగ్నేషియస్. నలుగురిలో ఉన్నా ఎవరికీ తెలియదు. కొన్నాళ్లకి ఆ చెయ్యి జారాక కాకుండా, జారబోయే ముందే లేవడం మొదలవుతుంది. ఇది జరిగినప్పుడు మీకే తెలుస్తుంది. అప్పుడు నోరు తెరవకుండా ఒక్క ప్రశ్న వేసుకోండి: ఇదే మాట మా ఆఫీసరు అంటే నేనేం చేసేవాణ్ణి? చేసేదేదో తెలుసు కాబట్టి అదే ఇక్కడా చెయ్యండి. నిలబడి ఉంటే కూర్చోండి. మాట్లాడక తప్పకపోతే గొంతు తగ్గించి మాట్లాడండి.

మధ్యాహ్నం భోజనం తరువాత ఒకసారి, రాత్రి భోజనం తరువాత ఒకసారి లెక్క చూసుకుని, రోజుకి రెండు గీతల మీద ఎన్నిసార్లు జారితే అన్ని చుక్కలు పెట్టండి. పక్కన వ్యాఖ్యానం రాయొద్దు. ‘వాడు అలా అన్నాడు కాబట్టి’ అన్న మాట నోటుబుక్కులోకి వచ్చిందంటే అది దావా కాగితం అయిపోతుంది. ఈరోజు చుక్కల్ని నిన్నటితో, ఈ వారాన్ని పోయిన వారంతో పోల్చుకోండి. మొదటి వారం చుక్కలు పెరిగితే మంచిదే, ఇదివరకు కనపడనివి కనపడుతున్నాయని అర్థం.

రాత్రి లెక్కలో ఇంకో పని ఉంది. సూర్యుడస్తమించువరకు మీ కోపము నిలిచియుండకూడదని ఎఫెసీ 4:26 చెప్తుంది. ఎవరి మీద అరిచామో వాళ్ల దగ్గరికి వెళ్లి చెప్పాలి. పిల్లలకి క్షమాపణ చెప్తే నెత్తికెక్కుతారని మన పెద్దల భయం. నాకలా అనిపించదు. ఒక్క జాగ్రత్త: “కొట్టడం తప్పే, కానీ నువ్వు కూడా...” అనకండి. ‘కానీ’ దగ్గర మొదటి సగం కొట్టుకుపోతుంది. “కొట్టడం నా తప్పురా” అని ఆగిపోండి. వాడి రాత సంగతి రేపు మాట్లాడొచ్చు.

ఆలస్యం ఎంత విలువైనదో తెలియాలంటే 390వ సంవత్సరం గుర్తుపెట్టుకోండి. థెస్సలొనీకలో అల్లరి జరిగి ఒక సైన్యాధికారి చనిపోయాడు. రోమా చక్రవర్తి థియొడోసియస్ కోపంతో ఆజ్ఞ ఇచ్చాడు, వేల మంది ఊచకోతకి గురయ్యారు. మిలాన్ బిషప్పు అంబ్రోస్ పశ్చాత్తాపం చూపేదాకా చక్రవర్తికి ప్రభురాత్రి భోజనం ఇవ్వనన్నాడు. ఇకమీదట మరణశిక్ష వేశాక అమలు చేసే ముందు ముప్పై రోజులు ఆగాలని అంబ్రోస్ ఆయన చేత చట్టం చేయించాడని థియోడొరెట్ అనే చరిత్రకారుడు రాశాడు. చక్రవర్తిని ఆపగల పై అధికారి లేడు కాబట్టి ఆయనకి చట్టం కావలసివచ్చింది. ఇంటి యజమానిది కూడా ఇంచుమించు అదే పరిస్థితి.

ఇక సిద్ధాంతం. చుక్కలు పెట్టుకుని నీతిమంతులమవుతామా? కాము. నీతి పనులు చేసి నీతిమంతులం కాము, నీతిమంతులుగా చేయబడ్డాక నీతి పనులు చేస్తామని లూథర్ 1517లో అరిస్టాటిల్‌ని ఎదిరించి చెప్పాడు. అభ్యాసంతో వచ్చే గుణాలు కొన్ని, దేవుడు కృపతో పోసే గుణాలు కొన్ని అని అక్వినాస్ కూడా వేరు చేశాడు. ఫిలిప్పీ 2లో మీ రక్షణను కొనసాగించుకొనుడి అన్న వెంటనే, మీలో కార్యసిద్ధి కలుగజేయువాడు దేవుడే అని ఉంది. నోటుబుక్కు రక్షణ కోసం కాదు, పక్కనున్న మనిషి కోసం. మనం మారితే ముందు ఊపిరి పీల్చుకునేది వాళ్లే.

ఒక హెచ్చరిక గట్టిగా చెప్పాలి. ఇంట్లో దెబ్బలు తింటున్న ఆడమనిషికి ఈ పాఠం తీసుకెళ్లి “సాత్వికంగా ఉండమ్మా” అని చదివి వినిపించకండి. ఇది బలం ఎవరి చేతిలో ఉందో వాళ్లకి రాసింది. ఆమెకి కావలసింది తోడు, అవసరమైతే మహిళల హెల్ప్‌లైన్ 181. క్షమించడం అంటే కేసు మాఫీ చెయ్యడం కాదు. 1999 జనవరిలో కెంఝర్ జిల్లా మనోహర్‌పూర్‌లో ఆస్ట్రేలియా మిషనరీ గ్రాహం స్టెయిన్స్‌నీ ఇద్దరు కొడుకుల్నీ జీపులో తగలబెట్టి చంపినప్పుడు, భార్య గ్లాడిస్ చంపినవాళ్లని క్షమించానని బహిరంగంగా చెప్పింది. ఆ తరువాత కూడా బారిపదలో కుష్ఠురోగుల పని కొనసాగించింది. కేసు తన దారిన నడిచింది. ప్రధాన దోషికి 2005లో హైకోర్టు వేసిన జీవితఖైదును 2011లో సుప్రీంకోర్టు ఖాయం చేసింది. ఆమె క్షమాపణ కోర్టుకి అడ్డు రాలేదు, కోర్టు శిక్ష ఆమె క్షమాపణని అబద్ధం చెయ్యలేదు.

ఈ రెండు వారాల పని: ఒకే మనిషి, ఒకే చోటు. మార్చకండి. ఆ మనిషికి ముందుగా చెప్పొద్దు, చెప్తే వాళ్లు మిమ్మల్ని పరీక్షించడం మొదలుపెడతారు. రెండో వారం చివర మాత్రం వాళ్లని ఒకసారి అడగండి, ఈమధ్య నేను ఎలా ఉన్నానని. వాళ్లు చెప్పింది చుక్కల కింద, వాళ్ల మాటల్లోనే రాసుకోండి. 6వ పాఠం ధైర్యం గురించి. దానికి ఈ పేజీలే కావాలి, ముఖ్యంగా “ఆగ్యా” అని తల ఊపి వచ్చేసిన రోజులవి.