నియాన్ టెట్రాలు బతికాయి: నా అనుభవం

కొత్త నియాన్ టెట్రాలు (చిన్న అక్వేరియం చేపలు) తొట్టెలో వేసిన ఒకటి రెండు రోజులకే రంగు వెలిసి చనిపోయేవి. మందులు, ఉప్పు, హీటరు, వేరే దుకాణం, ఏవీ పనిచేయలేదు. చేపల వ్యర్థాల వల్ల నీటిలో చేరే విషాలు, అమ్మోనియా, నైట్రైట్ సున్నానే. మిగిలింది మా బోరు నీటి కాఠిన్యం, అంటే అందులో కరిగిన ఖనిజాలు. ఇవేమో అమెజాన్ మెత్తటి నీటి చేపలు.

ముందు వారం వారం ఆర్వో నీరు కలుపుతూ తొట్టె నీటిని సగం పలుచన చేశాను. తర్వాత చేపలను సంచి నీటితో సహా చిన్న బకెట్‌లో పోసి, తొట్టె నుంచి బకెట్‌లోకి పెట్టిన ఎయిర్ పంపు గొట్టానికి ముడివేసి, తొట్టె నీరు సెకనుకు రెండు చుక్కలు పడేలా బిగించాను. ముడి వదులైతే ధార కడుతుంది, పక్కనే కూర్చోవాలి. నీరు మూడింతలయ్యాక చేపలను మాత్రం వలతో తీసి, లైటు ఆర్పిన తొట్టెలో వదిలాను.

రెంటిలో ఏది కాపాడిందో విడదీసి చెప్పలేను. కొరియర్‌లో వచ్చిన చేపలకు మాత్రం చుక్కల పద్ధతి వద్దు: చాలాసేపు మూసిన సంచి తెరవగానే పీహెచ్ పెరిగి, అందులోని అమ్మోనియా విషమవుతుంది.