కొరియా మాటా, జపాన్ మాటా? ట్రెండింగ్‌లో కనిపించిన పదం అర్థం తేల్చుకోవడం ఎలా?

కె-పాప్ వీడియోల కింద ఒక్కసారిగా ఏదో కొత్త పదం తిరగడం మొదలవుతుంది. వెతికితే ఒకరు కొరియన్ అంటారు, ఇంకొకరు జపనీస్ అంటారు. చాలాసార్లు ఇద్దరి మాటలోనూ నిజం ఉంటుంది. కొరియాలో దేనికైనా వీరాభిమానిని పిలిచే ‘డొకు’ అనే పదాన్నే పట్టుకుని, ఇలాంటివి ఎలా తేల్చుకోవాలో చూద్దాం.

1. ముందు అసలు లిపి పట్టుకోండి

ఇంగ్లిష్ అక్షరాల్లో రాసింది చూసి అర్థం ఊహించకండి. కామెంట్లలోనో, హ్యాష్‌ట్యాగ్‌లలోనో అదే పదం సొంత లిపిలో దొరుకుతుంది, దాన్ని కాపీ చేసుకోండి. చదవడం రాకపోయినా ఏ భాషో కంటితోనే పోల్చుకోవచ్చు. చిన్న సున్నాలు, నిలువు గీతలు, అడ్డగీతలు చదరపు గడుల్లో పేర్చినట్టుంటే కొరియన్ హంగుల్. వంపులు తిరిగిన హిరగానా, కోణాలుగా ఉండే కతకానా, మధ్యమధ్యలో గీతలు కిక్కిరిసిన చైనా అక్షరాలు ఉంటే జపనీస్.

2. పలుకుబడి సరిచూసుకోండి

కొరియన్‌ను ఇంగ్లిష్ అక్షరాల్లో రాసే ప్రభుత్వ పద్ధతి 2000లో మారింది. ‘పి’తో మొదలయ్యే పుసాన్ ‘బి’తో బుసాన్ అయింది అందుకే. ఈ పద్ధతిలో ‘ఇ’, ‘ఓ’ అక్షరాలు పక్కపక్కన వస్తే రెండూ కలిసి ఒకే అచ్చు. మనం సియోల్ అని రాసే నగరాన్ని అక్కడివాళ్లు దాదాపు ‘సొఉల్’ అంటారు. ‘డియోఖు’ అని చదవాలనిపించేది కూడా ‘డొకు’కే దగ్గర. కాబట్టి రెండు మూడు స్పెల్లింగ్‌లతో వెతకండి.

3. పదాన్ని విరిచి చూడండి

అసలు గుట్టంతా ఇక్కడే ఉంటుంది. రెండు భాషలవాళ్లకూ పొడుగు మాటలను కత్తిరించి అతికించడం బాగా అలవాటు. ‘మొంగ్‌నున్ బాంగ్‌సోంగ్’, అంటే తింటూ చేసే ప్రసారం, ముక్‌బాంగ్ అయింది. జపనీస్‌లో ఖాళీ అనే అర్థమున్న ‘కర’కు ఆర్కెస్ట్రాలోని ముక్క తగిలితే కరావొకే.

డొకు కథ ఇంకా పొడుగు. జపనీస్‌లో ‘ఒటాకు’ అంటే మీ ఇల్లు, ఎదుటివాళ్లను మర్యాదగా ‘మీరు’ అనే పిలుపు కూడా. 1983లో అకియో నకమోరి అనే రచయిత ఒక పత్రికలో మాంగా (జపాన్ బొమ్మల కథలు), అనిమే (జపాన్ యానిమేషన్) వీరాభిమానులను ఆ పేరుతో ప్రస్తావించాక అది వాళ్లకు ముద్రగా మారింది. కొరియాకు వచ్చి ‘ఒడొకు’ అయింది, తర్వాత మొదటి అక్షరం రాలిపోయి డొకు మిగిలింది. అందులోంచి ‘డొక్’ ముక్క తీసి మళ్లీ కొత్త పదాలు కట్టారు: అభిమానిగా చేరడం ఇప్‌డొక్, మానేయడం తల్‌డొక్. ఈ ‘ఇప్’, ‘తల్’ చైనా మూలాలు. అంటే ఒక్క పదంలోనే మూడు దేశాల జాడలు ఉన్నాయన్నమాట.

4. శబ్దం కలిసిందని చుట్టరికం కలపకండి

మాట ఇవ్వడాన్ని కొరియన్‌లో ‘యక్సొక్’, జపనీస్‌లో ‘యకుసొకు’ అంటారు. అంతమాత్రాన ఒకరినుంచి మరొకరు తీసుకున్నారని తేల్చేయలేం, రెండింటి వెనుకా అవే చైనా అక్షరాలున్నాయి. కొరియన్ పిల్లలు ‘ఒమ్మా’, ‘అప్పా’ అంటే మనవాళ్లకు ముచ్చటేస్తుంది. హోమర్ హల్బర్ట్ అనే పండితుడు 20వ శతాబ్దం మొదట్లో కొరియన్‌ను ద్రావిడ భాషలతో పోల్చాడు కూడా. కానీ నేటి భాషాశాస్త్రవేత్తలు ఆ బంధుత్వాన్ని ఒప్పుకోవడం లేదు. పసివాళ్లు మొదట పలికే ‘మ’, ‘ప’ ధ్వనులు ఎన్నో భాషల్లో అమ్మానాన్నల పేర్లయ్యాయి.

5. పదం పాతదైనా అర్థం కొత్తదేమో చూడండి

‘ఇకిగాయ్’ అచ్చమైన జపనీస్ మాట, బతకడానికి అర్థాన్నిచ్చేది అని దాని భావం. దానిపేరుతో తిరిగే, జీవిత లక్ష్యాన్ని ఒకదానిమీదొకటి ఎక్కిన నాలుగు వృత్తాలతో చూపే బొమ్మ మాత్రం జపాన్‌లో పుట్టలేదు. ఆ బొమ్మ అంతకుముందే స్పెయిన్‌లో ఉంది, 2014లో మార్క్ విన్ అనే బ్లాగర్ దానికి ఇకిగాయ్ పేరు తగిలించాడు. ‘జపాన్ రహస్యం’ అనే పోస్టు కనిపిస్తే, తేదీ ఫిల్టర్ పెట్టి అది ఎప్పటినుంచి, ఏ భాషలో తిరుగుతోందో వెతకండి.

6. ఎవరు ఎవరిని అంటున్నారో గమనించండి

కొరియన్ పదాలకు కొరియా సెర్చ్ సైట్ నేవర్‌లోని నిఘంటువు, జనం కూడా పదాలు చేర్చే ఆన్‌లైన్ నిఘంటువు ఉరిమల్‌సెమ్ పనికొస్తాయి. నిఘంటువు చూశాక నాలుగైదు అసలు వాక్యాలు కూడా చదవండి. 1989లో చిన్నపిల్లల హత్యల కేసులో అరెస్టయిన వ్యక్తిని మీడియా ఒటాకు అనడంతో జపాన్‌లో ఆ మాట చాలాకాలం తిట్టులా మిగిలింది. కొరియాలో ‘నేను కాఫీ డొకుని’ అని సరదాగా చెప్పుకుంటారు. అదే ‘ససెంగ్’ అయితే పొగడ్త కానే కాదు: తారల ఇళ్ల దాకా వెంటపడి వేధించేవాళ్లకు పెట్టిన పేరు. బయోలో రాసుకునే ముందు ఈ తేడా చూసుకోండి.