ఆలస్యంగా వచ్చిన పదోన్నతికి జీతం బకాయి రాబట్టుకోవడం ఎలా?

ప్రభుత్వోద్యోగంలో పదోన్నతి ఉత్తర్వు చేతికి రాగానే అందరూ మొదటి పేరా చదివి మిఠాయి పంచుతారు. మీరు ముందు చివరి పేరా చదవండి. ‘నోషనల్‌గా’ అన్న మాట అక్కడే ఉంటుంది. అది ఉంటే, పాత తేదీ నుంచి పదోన్నతి ఇచ్చినట్టు లెక్కగట్టి ఇంక్రిమెంట్లు కలుపుతారు గానీ, మధ్యకాలపు జీతం తేడా ఇవ్వరు. అనంతపురంలో ఇన్నేళ్లు ఉద్యోగుల సర్వీసు ఫైళ్లు చూసే ఎస్టాబ్లిష్‌మెంటు సీటులో కూర్చుని, ఆ ఒక్క మాటకు తలవంచి ఊరుకున్నవాళ్లను ఎంతోమందిని చూశాను. వాళ్లలో చాలామందికి ఆ డబ్బు న్యాయంగా రావలసిందే.

కాగితాల పని సులువు. తుది సీనియారిటీ జాబితా, ఆ ఏడాది ప్యానల్ (పదోన్నతికి ఎంపికైనవారి జాబితా), మీకంటే ముందు పైకెళ్లిన జూనియర్ పదోన్నతి ఉత్తర్వు, మీ ఉత్తర్వు, సర్వీసు రిజిస్టరులో సంబంధిత పేజీల నకళ్లు ఉంటే చాలు. దొరకనివాటికి సమాచార హక్కు దరఖాస్తు పెట్టండి. జిల్లా స్థాయిలో రుసుము 10 రూపాయలు, గడువు 30 రోజులు. మన ఆంధ్రప్రదేశ్‌లో ప్యానల్ సంవత్సరం సెప్టెంబరు 1న మొదలై ఆగస్టు 31తో ముగుస్తుంది కాబట్టి ఏ ఏడాది ప్యానలో స్పష్టంగా రాయండి.

జూనియర్ పక్క సీటులోనే ఉండనక్కరలేదు. ఉద్యోగాల స్థానిక కేడర్లపై వచ్చిన 1975 రాష్ట్రపతి ఉత్తర్వు ప్రకారం కర్నూలు, కడప, అనంతపురం, చిత్తూరు ఉమ్మడి జిల్లాలు కలిపి నాలుగో జోన్. పోస్టు జోనల్ అయితే, అంటే సీనియారిటీ జోన్ మొత్తానికి కలిపి చూసేదైతే, మీకంటే ముందు పైకెళ్లిన మనిషి ఆదోనిలోనో ప్రొద్దుటూరులోనో ఉండవచ్చు. 2022లో జిల్లాలు విడిపోయాయి కాబట్టి నంద్యాల, పుట్టపర్తి వంటి కొత్త జిల్లా కేంద్రాల కార్యాలయాల్లోనూ వెతకాలి.

ఇక అసలు పని. అందరూ తప్పటడుగు వేసేది ఇక్కడే, కాబట్టి నిదానంగా చదవండి. బకాయి వస్తుందా రాదా అన్నది పదోన్నతి తేదీని బట్టి తేలదు. ఆలస్యం ఎవరివల్ల జరిగిందన్నదాన్ని బట్టి తేలుతుంది. ‘పని చేయలేదు కాబట్టి జీతం లేదు’ అని కార్యాలయం అంటుంది. 1991లో సుప్రీంకోర్టు జానకీరామన్ కేసులో దీనికి జవాబిచ్చింది. ఉద్యోగి పనికి సిద్ధంగా ఉన్నా, అతని తప్పేమీ లేకుండా అధికారులే దూరంగా ఉంచితే ఆ సూత్రం వర్తించదని చెప్పింది. అయితే 1996లో ఓ.పీ. గుప్తా కేసులో, పై పోస్టులో పని చేయని కాలానికి బకాయిలు ఇవ్వనక్కరలేదని అదే కోర్టు అంది. మీ ఫైలు మీద నోట్ రాసే గుమస్తా ఈ రెండోదే పట్టుకుంటాడు. 2007లో భాస్కరన్ పిళ్లై కేసులో కోర్టు ఈ విషయంలో అందరికీ ఒకే సూత్రం లేదని, ఏ కేసుకు ఆ కేసు చూడాలని తేల్చింది.

కాబట్టి బకాయి కోరుతూ కార్యాలయానికి మీరు పెట్టే అర్జీలో ఆలస్యానికి కారణం తేదీలతో సహా కనబడాలి. ప్యానల్ ఎప్పుడు తయారైంది, ఖాళీ ఎప్పుడు ఏర్పడింది, మీ పేరును ఏ కాగితం ఆపింది, ఆ కాగితం తప్పని ఎప్పుడు తేలింది. క్రమశిక్షణ చర్య పెండింగులో ఉండి ఆపితే, నిర్దోషిగా తేలిన ఉత్తర్వు తేదీ ముఖ్యం. చిన్న శిక్ష పడి ఉంటే దాన్ని దాచవద్దు. దాస్తే మిగతా మాటలన్నీ నమ్మదగనివి అయిపోతాయి.

మిత్రుడొకరు నా దగ్గరికి తెచ్చిన అర్జీలో నాలుగు పేజీలున్నాయి. పిల్లల చదువులు, గృహ రుణం, ‘తమరు దయతలచి’ అన్న మాట ఆరుసార్లు. జూనియర్ పేరు మాత్రం ఎక్కడా లేదు. అన్నీ తీసేసి ఒక్క పేజీ చేశాం. అందులో బలమైన వాక్యం ఇది: ‘నా జూనియర్ పదోన్నతి పొందిన తేదీ నుంచి నాకు కూడా పదోన్నతిని, ఆ తేదీ నుంచి వాస్తవ ఆర్థిక ప్రయోజనాలను మంజూరు చేయవలసిందిగా కోరుతున్నాను, ఆలస్యం నా తప్పిదం వల్ల జరగలేదు.’ తేదీ, ఆర్థిక ప్రయోజనం రెండూ వేర్వేరుగా అడగాలి. మొదటిది మాత్రమే అడిగితే మొదటిదే ఇస్తారు.

అర్జీ ఒక్క పేజీయే ఉండాలి, టైపు చేసి ఉండాలి. రెండుకు మించి తీర్పులు పెట్టవద్దు. సంఘం నాయకుడి సిఫారసు లేఖ జతచేయవద్దు, అది మీ హక్కును బతిమాలుడుగా మారుస్తుంది. కొత్త పోస్టులో చేరే రోజే చేరిక నివేదికలో ‘బకాయిలపై నా హక్కుకు భంగం లేకుండా చేరుతున్నాను’ అని ఒక వాక్యం రాయండి. అర్జీ ఇచ్చాక, అది అందినట్టు కార్యాలయం వేసే ఇన్‌వార్డు నంబరు, తేదీ ముద్ర లేకుండా అక్కడినుంచి కదలవద్దు.

జవాబు రాకపోతే ఒక్క గుర్తుచేసే లేఖ పంపండి. ఏటా కొత్త అర్జీ పెట్టుకుంటూ పదేళ్లు గడిపేవాళ్లను చూస్తే మనసు కష్టపడుతుంది. చచ్చిన హక్కుకు అర్జీ ప్రాణం పోయదని 2008లో జాకబ్ కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. అదే ఏడాది తర్సేమ్ సింగ్ కేసులో, నెలనెలా కొనసాగే జీతం నష్టమైనా బకాయిని సాధారణంగా పిటిషన్ వేసిన తేదీకి ముందు మూడేళ్లకే పరిమితం చేయాలని, ఇతరుల సీనియారిటీని కదిలించే కోరికలైతే జాప్యం వల్ల పోతాయని తేల్చింది. పై అధికారుల గదుల చుట్టూ తిరగడమే మార్గమని కొందరు సలహా ఇస్తారు. ఆ తిరుగుళ్లలో పోయే నెలలే మీ బకాయి. ఉద్యోగుల సర్వీసు వివాదాలు వినే రాష్ట్ర పరిపాలనా ట్రిబ్యునల్ ఇప్పుడు లేదు కాబట్టి రిట్ పిటిషన్ అమరావతిలోని హైకోర్టులోనే వేయాలి.

ఆర్థిక ప్రయోజనాలతో ఉత్తర్వు వస్తే మిగిలింది మామూలే. వేతన స్థిరీకరణకు, అంటే కొత్త పోస్టులో మూల వేతనం నిర్ణయించడానికి, పదోన్నతి తేదీ మేలా, కింది పోస్టులో తర్వాతి ఇంక్రిమెంటు తేదీ మేలా లెక్క చూసుకుని వెంటనే ఆప్షన్ ఇవ్వండి. రావలసినది, తీసుకున్నది పక్కపక్కన వేసిన పట్టికలో కరవు భత్యం తేడా, ఇంటి అద్దె భత్యం తేడా ఉన్నాయో లేదో నెలవారీగా సరిచూసుకోండి. బిల్లు ట్రెజరీకి వెళ్లేలోపు సర్వీసు రిజిస్టరులో నమోదు జరిగిందా, ఆ నమోదు కింద అధికారి సంతకం ఉందా అని మీ కళ్లతో చూసుకోండి.