క్రిస్మస్ కుకీల మీద ఐసింగ్ ఆరాలంటే

డిసెంబర్‌లో కావలి, నెల్లూరు వైపు ముసురు పట్టిందంటే ఐసింగ్ రాత్రంతా ఫ్యాన్ కింద పెట్టినా జిగటగానే ఉంటుంది. గాలిలో తేమను చక్కెర పీల్చుకోవడమే కారణం. పాలతో కలిపితే ఆరడం ఇంకా ఆలస్యం, అందుకే నీళ్లతోనే కలపండి. 100 గ్రాముల ఐసింగ్ షుగర్‌కి (మెత్తటి చక్కెర పొడికి) మూడు టీస్పూన్ల నీళ్లు, నాలుగు చుక్కల నిమ్మరసం చాలు. స్పూన్‌తో ఎత్తి వదిలితే పడిన గీత పది సెకన్లలో కలిసిపోవాలి. అంతకంటే ముందే కలిసిపోతే అంచు దాటి కారిపోతుంది, ఇంకాస్త షుగర్ వేయండి. చక్కెర మిక్సీలో ఆడించుకుంటే తప్పకుండా జల్లించండి, ఒక్క పలుకు చాలు ఐసింగ్ పిండే కోన్ మూసుకుపోవడానికి. కుకీలు పూర్తిగా చల్లారాకే ఐసింగ్ వేసి, ఓవెన్‌లో 50 డిగ్రీల దగ్గర, తలుపు కాస్త తెరిచి పావుగంట ఉంచండి. పైన పొర కడుతుంది. ఆ తర్వాతే రెండో రంగు, లేదంటే ఎరుపు తెలుపులోకి పాకుతుంది.

ఇంకొకటి: కోసిన కుకీలను ట్రేతో సహా పావుగంట ఫ్రీజర్‌లో పెట్టి అప్పుడు కాల్చండి. మన ఉక్కకి వెన్న ముందే మెత్తబడి నక్షత్రం కాస్తా బిళ్ళలా పరుచుకుంటుంది.