ఫర్మ్‌వేర్ అప్‌డేట్ తర్వాత లినక్స్‌లో గ్రాఫిక్స్ డ్రైవర్ లోడ్ కాకపోతే: నా అనుభవం

మదర్‌బోర్డు ఫర్మ్‌వేర్ అప్‌డేట్ చేశాక తెర తక్కువ రిజల్యూషన్‌కు పడిపోయింది, రెండో మానిటర్ అసలు వెలగలేదు. డ్రైవర్‌ను తీసేసి మళ్లీ వేయడం, పాత వెర్షన్‌కు వెళ్లడం, కేబుల్ మార్చడం, ఏదీ ఫలించలేదు.

చివరికి మోడ్‌ప్రోబ్ అనే ఆదేశంతో డ్రైవర్ మాడ్యూల్‌ను (కెర్నెల్‌లోకి, అంటే లినక్స్ మూలభాగంలోకి, చేరే డ్రైవర్ ఫైల్‌ను) నేరుగా లోడ్ చేయబోతే ‘కీ వాజ్ రిజెక్టెడ్ బై సర్వీస్’ అని వచ్చింది. అప్‌డేట్‌తో సెక్యూర్ బూట్ (నమ్మకమైన సంతకం ఉన్న సాఫ్ట్‌వేర్‌నే బూట్‌లో నడవనిచ్చే రక్షణ) ఆన్ అయిందనీ, నా యంత్రంలోనే డీకేఎంఎస్ (కెర్నెల్‌కు తగ్గట్టు మాడ్యూల్‌ను కంపైల్ చేసిపెట్టే సాధనం) తయారుచేసిన మాడ్యూల్‌పై ఉన్న సంతకాన్ని కెర్నెల్ నమ్మడం లేదనీ అప్పుడు అర్థమైంది. సెక్యూర్ బూట్ కీలను చూసుకునే మోక్‌యుటిల్ ఆదేశంలోని ఎస్‌బీ-స్టేట్ ఆప్షన్, సెక్యూర్ బూట్ ఆన్‌లోనే ఉందని ధ్రువీకరించింది.

పరిష్కారం, ఆ సంతకం తాలూకు కీని (మోక్, అంటే యంత్రం యజమాని కీ) నమ్మదగినదిగా నమోదు చేయడమే. ముందుగా మోక్‌యుటిల్ ఇంపోర్ట్ ఆప్షన్‌కు ఆ కీ ఉన్న మోక్.డెర్ ఫైల్‌ను ఇచ్చి (ఉబుంటులో ఇది షిమ్-సైన్డ్ ఫోల్డర్ కింద ఉంటుంది), ఒకసారికే పనికొచ్చే పాస్‌వర్డ్ పెట్టి, రీబూట్ చేశాను. అప్పుడు వచ్చే నీలి తెర పది సెకన్లే ఆగుతుంది. మొదటిసారి దాన్ని చూస్తూ వదిలేయడం వల్ల ఇంపోర్ట్ మళ్లీ మొదటినుంచి చేయవలసి వచ్చింది కనుక, కీబోర్డుపై చేయి ఉంచుకునే కూర్చోండి. ఏదైనా మీట నొక్కి, ఎన్‌రోల్ మోక్, కంటిన్యూ, యెస్ వరుసగా ఎంచుకుని, పాస్‌వర్డ్ ఇచ్చి రీబూట్ చేయగానే రెండు మానిటర్లూ వెలిగాయి. అక్కడ కీబోర్డు అమెరికన్ అమరికలో ఉంటుంది, కాబట్టి పాస్‌వర్డ్‌లో ప్రత్యేక చిహ్నాలు లేకపోతే మేలు.

మీకు పైన చెప్పిన సందేశం రాకపోతే ఈ పద్ధతి బహుశా పనికిరాదు. మాడ్యూల్ కంపైల్ కావడమే విఫలమైతే డీకేఎంఎస్ స్టేటస్‌ను ముందు చూడాలి.