పీత సలాడ్ చేసే ముందు: పొయ్యి ఎక్కని వంటకు పడాల్సిన జాగ్రత్తలు

పీత సలాడ్ పది నిమిషాల పని. పీత మాంసం గిన్నెలో వేసి, రెండు మూడు చెంచాల మయోన్నైజ్, కాస్త నిమ్మరసం, సన్నగా తరిగిన ఉల్లి, కీరా కలిపితే అయిపోయినట్టే. ఆ పది నిమిషాల్లో పొయ్యి లేదు, చిక్కంతా అక్కడే ఉంది. వేడి వంటలో మనం చేసే చిన్నాచితకా తప్పుల్ని మంట సర్దేస్తుంది. చేయి సరిగ్గా కడుక్కోకపోయినా, చాకు మార్చకపోయినా, చివర్లో పావుగంట కుతకుతా ఉడుకుతుంది కాబట్టి గండం గడిచిపోతుంది. సలాడ్‌కి ఆ చివరి పావుగంట లేదు. ఎక్కడ పొరపాటు చేస్తే అది అక్కడి నుంచి నేరుగా కంచంలోకి వచ్చేస్తుంది.

కాబట్టి జాగ్రత్తంతా కలపడానికి ముందే పడాలి. అన్నిటికంటే ముందు, తినేవాళ్లెవరో కనుక్కోండి.

పీత, రొయ్య లాంటివి పడనివాళ్లు చాలామందే ఉంటారు. ఈ అలర్జీకి ముఖ్య కారణం ట్రోపోమయోసిన్ అనే ప్రొటీన్. ఎంత ఉడికించినా అది పోదు. రొయ్య పడనివాళ్లకు పీత కూడా పడకపోయే అవకాశమే ఎక్కువ. కొందరికి తినక్కర్లేదు, పీతలు ఉడుకుతున్న ఆవిరి పీల్చినా చాలు. వాళ్ల కోసం విడిగా ఇంకో సలాడ్ చేసి, పీత గిన్నెలో తిప్పిన చెంచానే అందులోనూ పెడితే చేసిన పని వృథా. తిన్న కాసేపటికి పెదాలు ఉబ్బినా, ఒంటిమీద దద్దుర్లు లేచినా, గొంతు బిగుసుకున్నట్టు, ఊపిరి అందనట్టు అనిపించినా ‘చూద్దాంలే’ అని కూర్చోకూడదు. తీవ్ర అలర్జీకి డాక్టరు రాసిచ్చిన ఎపినెఫ్రిన్ ఇంజెక్షన్ దగ్గరుంటే వెంటనే వేసి, అంబులెన్స్ పిలవాలి.

గర్భిణులు, పెద్ద వయసువాళ్లు, లివర్ జబ్బు ఉన్నవాళ్లు, రోగనిరోధక శక్తి తగ్గినవాళ్లు ఉంటే లెక్క వేరు. ఫ్రిజ్ చల్లదనంలో కూడా నెమ్మదిగా పెరిగే లిస్టీరియా అనే బ్యాక్టీరియా ఉంది. గర్భిణికి అది మామూలు జ్వరంలా వచ్చిపోయినా కడుపులో బిడ్డకు ప్రాణాంతకం కావచ్చు. వాళ్లకు పెట్టేటప్పుడు డబ్బా మాంసమైనా సరే, పొగలు వచ్చేదాకా, అంటే లోపల 74 డిగ్రీల సెల్సియస్ దాకా వేడి చేసి, చల్లార్చి, అప్పటికప్పుడు కలిపి పెట్టండి.

ఇక డబ్బా సంగతి. త్వరగా అయిపోవాలనుకునేవాళ్లు ఒలిచిన మాంసమే కొంటారు, అందులో తప్పేం లేదు. కానీ చూడటానికి ఒకేలా ఉండే డబ్బాల్లో రెండు రకాలుంటాయి. ఒకటి పూర్తిగా స్టెరిలైజ్ చేసింది. తెరిచేదాకా అలమారలో ఉంచినా ఏమీ కాదు. రెండోది పాశ్చురైజ్ చేసింది. అదీ రేకు డబ్బాలోనే వస్తుంది, మూత కూడా గట్టిగానే ఉంటుంది, కానీ తెరవకపోయినా ఫ్రిజ్‌లోనే ఉండాలి. పాశ్చురైజేషన్ వేడికి బోటులిజం అనే ప్రాణాంతక విషబాధ కలిగించే క్లోస్ట్రిడియం బ్యాక్టీరియా బీజాలు చావకుండా మిగలవచ్చు. వాటిని అణచి ఉంచేది చలే. ‘డబ్బానే కదా’ అని అలమారలో పెట్టేసే పొరపాటు ఈ రెండో రకంతోనే జరుగుతుంది. కొనేటప్పుడే దానిమీద ‘రిఫ్రిజిరేటర్‌లో ఉంచండి’ అని ఉందేమో చదవండి. అలాంటి డబ్బా ఒక రాత్రంతా బయట ఉండిపోయిందంటే రుచి కూడా చూడొద్దు, పారేయండి. ఉబ్బిన డబ్బా, కారుతున్న డబ్బా ఏ రకానిదైనా అంతే.

డబ్బా తెరిచాక ఒక్కోసారి చిన్న గాజు ముక్కల్లాంటివి తళుక్కుమంటాయి. నాకు మొదటిసారి కనబడినప్పుడు భయపడి డబ్బా మొత్తం చెత్తబుట్టలో పడేశాను. అవి స్ట్రువైట్ స్ఫటికాలట. మాంసంలో సహజంగా ఉండే మెగ్నీషియం, అమ్మోనియం, ఫాస్ఫేట్ కలిసి గట్టిపడినవి, హాని చేయవు. అనుమానముంటే ఒక ముక్కను వేడి వెనిగర్‌లో వేసి చూడండి, స్ట్రువైట్ అయితే కాసేపటికి కరుగుతుంది. కరగలేదంటే అది నిజంగా గాజే కావచ్చు, ఆ డబ్బా జోలికి పోకండి.

క్రాబ్ స్టిక్స్ వాడేవాళ్లకు ఒక మాట. అవి పీతవి కావు, చేప మాంసాన్ని మెత్తగా రుబ్బి, పిండి, గుడ్డు తెల్లసొన లాంటివి కలిపి చేస్తారు. గోధుమ పిండి కూడా ఉండొచ్చు, వాసన కోసం కాస్త పీత సారమూ ఉండొచ్చు. ‘నిజం పీత కాదుగా’ అని అలర్జీ ఉన్నవాళ్లకు పెట్టేయకుండా లేబుల్ పూర్తిగా చదవాలి.

బతికున్న పీతలు తెచ్చుకుంటే పని పెరుగుతుంది, రుచి ఇంకా పెరుగుతుంది, ప్రమాదమూ ఎక్కువే. చచ్చిన పీతను ఎవరు ఎంత తగ్గించి ఇస్తానన్నా తీసుకోవద్దు. ప్రాణం పోగానే దాని కడుపులోని ఎంజైములు, బ్యాక్టీరియా కండను కరిగించేస్తాయి. ఐస్‌లో ఉన్నవి మందకొడిగా ఉంటాయి, కాళ్లు తట్టి చూస్తే కాస్తయినా కదలాలి. ఇంటికి తెచ్చాక అరగంట ఐస్‌లో ఉంచితే మొద్దుబారతాయి. అప్పుడు డెక్కలతో కరవవు, మరిగే నీళ్లలో పడగానే కాళ్లు విదిలించుకుని రాల్చుకోవు.

రంగు చూసి మోసపోవద్దు. పెంకులో ప్రొటీన్‌తో పెనవేసుకుని ఉన్న ఎర్ర రంగు పదార్థం వేడి తగలగానే విడివడుతుంది, అందుకే పీత తొందరగా ఎర్రబడుతుంది. లోపలి కండ అప్పటికి ఇంకా పచ్చిగానే ఉండొచ్చు. అర కిలో పీతకు, నీళ్లు మళ్లీ మరగడం మొదలయ్యాక 12 నుంచి 15 నిమిషాలు ఉడికించండి. డెక్క పగలగొడితే కండ తెల్లగా, గట్టిగా, పొరలుపొరలుగా విడిపోవాలి. జిగటగా, గాజులా కనబడితే మళ్లీ నీళ్లలోకే. నిమ్మరసం పోస్తే పచ్చిది ఉడికినట్టేనని కొందరంటారు, అది తప్పు. మంచినీటి పీతల్లో ఊపిరితిత్తులకు పట్టే ఒక రకం పురుగు పిల్లలు ఉండొచ్చు. ఆ జబ్బు దగ్గు, రక్తం పడటంతో అచ్చం క్షయలా కనబడుతుంది. నిమ్మరసం, వెనిగర్, ఉప్పు వాటిని చంపుతాయని నమ్మడానికి లేదు.

ఇక్కడ నేను చేసిన తప్పు చెప్తాను. ఉడికిన పీతల్ని వడకట్టి, అలవాటుగా పక్కనున్న బేసిన్‌లో పోశాను. అంతకుముందు బతికున్న పీతలు పాకింది ఆ బేసిన్‌లోనే, అడుగున నల్లటి నీళ్లు కూడా ఇంకా ఉన్నాయి. రెండు నిమిషాల తర్వాత గానీ తట్టలేదు. మొత్తం మళ్లీ ఉడకబెట్టాల్సి వచ్చింది. కండ కాస్త బిరుసెక్కింది, ఎవరికీ కారణం చెప్పలేదు.

ఇదేదో చాదస్తం అనుకోవద్దు. ఉప్పునీటి పీతల మీద విబ్రియో అనే బ్యాక్టీరియా ఉండొచ్చు, నీళ్లు వెచ్చగా ఉండే కాలంలో మరీ ఎక్కువ. మంచి వెచ్చదనం దొరికితే పది పన్నెండు నిమిషాలకోసారి రెట్టింపవుతుంది. ఆ లెక్కన రెండు గంటల్లో ఒకటి వెయ్యి దాటుతుంది. 1971లో అమెరికాలోని మేరీల్యాండ్‌లో పీతలు తిని నాలుగు వందల మందికి పైగా జబ్బుపడ్డారు. ఉడికిన పీతలకు బతికున్న పీతల నుంచి బ్యాక్టీరియా మళ్లీ అంటుకోవడం అప్పుడు బయటపడ్డ కారణాల్లో ఒకటి. అందుకే పచ్చిదానికి ఒక బేసిన్, ఒక పట్టకారు, ఉడికినదానికి వేరేవి. చల్లార్చే ఐస్ నీళ్లు కూడా శుభ్రమైన గిన్నెలోనే.

పై చిప్ప తీయగానే రెండు పక్కలా బూడిదరంగు దూదివత్తుల్లా కనబడేవి మొప్పలు. విషం కాదు గానీ నీళ్లలో మురికంతా పట్టేది వాటికే, తీసిపారేయండి. మధ్యలో పసుపుపచ్చగా ఉండే గుజ్జు కొందరికి ప్రాణం. అది పీతకు లివర్ లాంటిది, నీళ్లలోని విషపదార్థాలు, బరువైన లోహాలు చేరేది అక్కడే. నీటి నాచు (ఆల్గే) నుంచి చేరే కొన్ని విషాలు ఎంత ఉడికించినా పోవు. సలాడ్‌కి తెల్ల కండే చాలు.

డెక్కల్ని గుడ్డలో చుట్టి కొట్టండి, పెంకు ఎగిరి కంట్లో పడదు. చేతులకు గ్లవ్స్ వేసుకోండి. పీత ముల్లు గుచ్చుకుంటే చిన్న గాయమే కదా అని వదిలేయకుండా వెంటనే సబ్బుతో కడగాలి. గంటల్లో వాచి, ఎరుపు పాకుతూ, జ్వరం వస్తే ఆ రోజే డాక్టరు దగ్గరికి వెళ్లాలి.

ఒలిచిన మాంసంలో పెంకు ముక్కలు వెతకడానికి నేను స్టీలు పళ్లెం వాడతాను. కండను కొద్దికొద్దిగా ఎత్తునుంచి రాల్చితే పెంకున్నచోట టిక్కుమంటుంది. తర్వాత వేళ్లతో తడమాలి, గట్టిగా నలిపితే కండ పొడైపోతుంది. డబ్బా మాంసమైనా ఈ పని తప్పదు.

కండ నుంచి అమ్మోనియా వాసన వస్తే కడిగి, మసాలా కొట్టి సర్దే ప్రయత్నం చేయొద్దు, పారేయండి. కీరా గింజలు తీసేయండి, లేకపోతే అరగంటలో గిన్నె అడుగున నీళ్లు చేరతాయి. ఇంట్లో చేసిన మయోన్నైజ్‌లో పచ్చి గుడ్డు ఉంటుంది కాబట్టి సాల్మొనెల్లా అనే బ్యాక్టీరియా భయం తోడవుతుంది. ఈ ఒక్కచోట కొన్నదే మేలంటాను.

కలిపింది మొత్తం బల్లమీద పెట్టకుండా సగం ఫ్రిజ్‌లో ఉంచి, అయిపోయేకొద్దీ తేండి. ఫ్రిజ్ 4 డిగ్రీల లోపు ఉండాలి. బయట పెట్టింది రెండు గంటలు దాటితే పారేయాల్సిందే, 32 డిగ్రీలు దాటిన ఎండలో అయితే ఒక్క గంటే. ఫ్రిజ్‌లో మిగిలింది మర్నాడు తినేయండి. తిన్నవాళ్లకు ఆ రోజో మర్నాడో కడుపునొప్పి, నీళ్ల విరేచనాలు మొదలైతే ఓఆర్‌ఎస్ తాగుతూ ఉండాలి. రక్తం పడినా, జ్వరం ఎక్కువైనా ఆగొద్దు, ఆస్పత్రికి వెళ్లండి.

మిగిలినదాన్ని డీప్ ఫ్రీజర్‌లో పెడదామనుకునేవాళ్లకు: మయోన్నైజ్ విరిగి నూనె ఒకవైపు, నీళ్లు ఒకవైపు అవుతాయి. దాయాలనిపిస్తే ఉడికించిన కండను ఏమీ కలపకముందే దాచుకోండి, వాడే ముందు రోజు రాత్రి ఫ్రిజ్ కింది అరలోకి దించుకోండి.